ఉల్లిగడ్డ చాటున సీతాఫలం

మొన్న ఇబ్రహీంపట్నంల మా చిన్నమ్మ ఇంట్ల ఒక గాజు గిలాసను చూసి నాకు నవ్వు ఆగలేదు. నేనుండేది మీర్‌పేట్‌ల. శ్రావణిని చూసొద్దామని పొద్దుగాల్నే బస్సెక్కి పోయిన. శ్రావణి అంటే మా చిన్నమ్మ మనుమరాలు, మా తమ్ముడు శ్రీశైలం బిడ్డ. తొలుసూరు కాన్పుకు తల్లిగారింటికి వచ్చింది. నేను పోయి చెప్పులు విడిచేసరికి ఆ పిల్ల వంటింట్ల గట్టుకాడ నిలబడి నాష్తా తయారు చేసుకుంటున్నది. తయారంటే పొయ్యి లేదు, పెనం లేదు. రాత్రి గుడ్డల కట్టి వేలాడదీసిన గట్టి పెరుగు, గింజలు తీసిన సీతాఫలం గుజ్జు, వేయించిన ఓట్సు, కచ్చపచ్చ దంచిన పల్లీలు, ఒలిచిన దానిమ్మ గింజలు, అన్నీ చిన్న చిన్న గిన్నెలల్ల ముందట పెట్టుకున్నది. గిలాస అడుగున గుజ్జు ఒక వరుస, దాని మీద పెరుగు ఒక వరుస, ఆ మీద ఓట్సు, మళ్ల గుజ్జు, మళ్ల పెరుగు, ఆఖరుకు పైన ఎర్రగ దానిమ్మ గింజలు. ఒక్కో వరుస వేసి చెంచా వెనుకతోని సాపు చేస్తున్నది. మా ఊరి మేస్త్రి కూడ గోడ గంత సాపుగ చెయ్యలేడు.

"అన్నీ ఒక్కతీరుగ కలుపుకుంటే అయిపాయె గదనే?" అన్న.

"కలిపితే కనవడది అత్తా. వరుసలు వరుసలుగ కనవడితేనే అందం" అన్నది.

ఆ మాటకే నాకు నవ్వొచ్చింది. మా ఇంట్ల ఈ వరుసలు మొదలైందే కనవడకుండ ఉండనీకె.

ఆ పిల్ల గిలాసను కిటికీల పెట్టి, ఎండ పడేటట్టు జరిపి, ఫోన్ తీసింది. గంతల్నే మా చిన్నమ్మ కుర్చీల నుంచి లేచింది. మోకాళ్ల నొప్పులని మంచినీళ్లు కూడ ఎవరన్న తెచ్చిస్తే తాగే మనిషి, ఎవ్వరు చెయ్యి పట్టకుంటనే లేచి, చకచక పోయి గిలాస మీద కొంగు కప్పింది.

"అవ్వా! ఫోటో తియ్యనియ్యవా ఏంది?"

"తినే తిండి గట్ల ఊరందరికి చూపెడ్తరా? కడుపుతోని ఉన్నదానివి. ముందుగాల పైన ఏమన్న కప్పు."

"గాజు గిలాస అవ్వా. పైన కప్పితే పక్కలకెళ్లి కనవడదా?"

చిన్నమ్మ కొంగు తీసి గిలాసను చుట్టూ తిప్పి చూసింది. "అవ్, నిజమే. గిండ్ల దొంగతనం చెయ్యరాదు" అని నా దిక్కు చూసి, నోటికి కొంగు అడ్డం పెట్టుకోని నవ్వుడు మొదలుపెట్టింది. నేను కూడ అందుకున్న. ఇద్దరు ముసలోళ్లం గట్ల కండ్లెంబడి నీళ్లు కారేదాక నవ్వుతుంటే శ్రావణి ఫోన్ పక్కకు పడేసి, "ఏం దొంగతనం? జర నాకు చెప్పున్రి" అని వచ్చి కూసున్నది. చెప్పింది చిన్నమ్మనే. నేను నడుమ నడుమ అందుకున్న. కాని ఆ ముచ్చటల ఒక ముక్క చిన్నమ్మకు తెల్వదని, నాకొక్కదానికే ఎరుకని, ఇన్నేండ్ల సంది నా కడుపుల దాచుకోని తిరిగిన. ఆ ముక్క గురించే ఈ రాత.

అప్పుడు మాది ఊరి నడుమ పెంకుటిల్లు. తాత, నాయనమ్మ, మా బాపు, చిన్నబాపు, అమ్మ, చిన్నమ్మ, పిల్లలల్ల నేనొక్కదాన్నే. మాపటిపూట అమ్మ పెద్ద కుండల జొన్నరవ్వ పోసి గటక వండుతుండె. చిక్కవడ్డంక అది కుతకుత ఉడుకుతుంటే ఇల్లంత జొన్నల వాసన, పిడకల పొగ వాసన. రాత్రి తిన్నంక మిగిలినదాంట్ల ఇంత పులిసిన సల్ల పోసి మూతపెడితే పొద్దుగాలకు అదే మా నాష్తా. గటకల పెరుగేసుకోని, పచ్చి ఉల్లిగడ్డ కొరుక్కుంట తినేది. టీ అన్నది తాతకొక్కడికే, అది కూడ ఎవరన్న చుట్టాలొస్తే. మా కాలంల తిండి అమృతం అని ఇప్పుడు చానమంది చెప్తరు, నమ్మకున్రి. రోజూ గటక తింటే గటకే అనిపిస్తది. నేనైతే వారంల ఒకనాడు వండే వరి అన్నం కోసం వాకిట్ల నిలబడి ఎదురుచూసేదాన్ని.

మా ఇంట్ల పెత్తనమంత పెరుగు కుండల ఉండె, ఆ కుండ నాయనమ్మ చేతిల ఉండె. పొద్దుగాల లేచి ముఖం కడిగి బొట్టు పెట్టుకోంగనే ఉట్టి మీదికెళ్లి కుండ దించి, ఇంటి ముందటి సాయబాన్ల గడపకాడ కాళ్లు చాపుకోని కూసోని, రెండు కాళ్ల నడుమ కుండ పెట్టుకునేది. చేతిల కొబ్బరిచిప్ప గంటె. మీగడ తాతకు. మీగడ కింది గట్టి పెరుగు కొడుకులకు. ఆ తర్వాత నాకు. అడుగున నీరుగారిన పెరుగు ఆఖరుకు కోడండ్లిద్దరికి. తనకు కుండ కడిగిన సల్ల. ఈ లెక్క మీద ఎవ్వరు నోరు తెరవొద్దు. నాయనమ్మ నోరు గట్టిది. కోడండ్లతోని కంటె బర్రెతోని నిమ్మలంగ మాట్లాడేది. "రా తల్లీ, జర జరుగు తల్లీ" అని బర్రెను అంటుండె. ఇటు తిరిగి మా అమ్మను, "ఏమే పెద్దపిల్లా, చెవుల సీసం పోసుకున్నవా?" అంటుండె. గట్లని చెడ్డ మనిషి కాదు. ఎవరికన్న జరమొస్తే రాత్రంత పక్కన కూసునేది, తెల్లారి లేచి మళ్ల తిట్టేది.

చిన్నమ్మ తల్లిగారూరు మంచాల. ఆ ఊరి దిక్కు గుట్టలల్ల సీతాఫలాలు మస్తు కాస్తయి. లగ్గమైన కొన్నాళ్లకు కడుపొచ్చింది, తల్లిగారింటికి పోయింది, అక్కడ సీతాఫలాలు పెరుగుల కలుపుకోని కడుపునిండ తినొచ్చింది. వచ్చిన కొద్ది దినాలకే ఆ కడుపు పోయింది. ఎందుకు పోయిందో ఎవరికెరుక? నాయనమ్మకు మాత్రం ఎరుకే. "సీతాఫలం సలువ, పెరుగు సలువ. రెండు సలువలు కలిసి నా మనుమని ఎత్తుకపోయినయ్" అని గుండెలు బాదుకోని ఏడ్చింది. చిన్నమ్మ కంటె ఆమెనే ఎక్కువ ఏడ్చింది. మళ్ల ఏడాదికి చిన్నమ్మ నీళ్లు పోసుకున్నది అని తెలిసిన పొద్దు నాయనమ్మ ఇంట్ల అందరిని కూసోబెట్టి, ఈ పిల్ల నోట్లకు సీతాఫలం పోతే వేసినోళ్ల చెయ్యి విరగ్గొడ్త అని చెప్పింది. చెప్పి ఊకోలేదు. చిన్నమ్మను ఆవుదూడ లెక్క వెంబడే తిప్పుకున్నది. పండుకుంటే పక్కనే, దొడ్డికి పోతే వెనుకనే. ముఖ్యంగ తిండి. "నా కండ్ల ముందట తిను" అన్నదే మాట.

తినుడే చిన్నమ్మతోని కాలేదు. ఏది తిన్నా కక్కుడే. అన్నం ఆగదు, రొట్టె ఆగదు, అంబలి ఆగదు. గటక వాసన తగిలితేనే కడుపుల పేగులు నోట్లకొచ్చేటివి. మనిషి ఎండిపోయింది. గాజులు మోచేతి దాక జారుతుండె. దవాఖానకు తీసుకపోతే అక్కడి డాక్టరమ్మ, "ఏది ఆగితే అది పెట్టున్రి. గిట్లనే ఉంటే తల్లికీ కష్టం, పిల్లకూ కష్టం" అన్నది. ఏది ఆగుతదో తెలిస్తే పెట్టమా మరి? చిన్నబాపు రాత్రి అన్నం ముందు కూసోని తలె దిక్కు చూస్తనే ఉంటుండె. మళ్ల కడుపు పోతదన్న బుగులు ఇంట్ల అందరి ముఖాల మీద ఉండె, ఎవ్వరు పైకి అంటలేరు.

ఒకనాడు నాయనమ్మ ఎవరో సచ్చిపోయిన్రని పెద్ద అంబర్‌పేట్ పోయింది. ఆ ఒక్క పగలు చిన్నమ్మకు కాపలా లేదు. అమ్మ ఒక గిన్నెల ఇంత పెరుగు పోసి, "జర నోట్లేసుకోవే అంజమ్మా" అని బతిమిలాడుతున్నది. పక్కనే కూసోని నేను సీతాఫలం తింటున్న. చిన్నమ్మ నా చేతిల పండు దిక్కు చూసింది, అమ్మ దిక్కు చూసింది, ఏం అనుకున్నదో, నా చేతిలకెళ్లి సగం చెక్క గుంజుకోని పెరుగుల పిండుకోని, గింజలు ఉమ్ముకుంట గబగబ తినేసింది. మేమిద్దరం ఊపిరి బిగబట్టి చూస్తున్నం, ఎప్పుడు దొడ్డికి ఉరుకుతదో అని. ఉరకలేదు. గోడకు ఒరిగి కండ్లు మూసుకున్నది. నిద్రపోయింది. అన్ని దినాల తర్వాత కడుపుల తిండి నిలిచి మనిషి నిద్రపోయింది. అమ్మ నోటి మీద వేలు పెట్టుకోని నన్ను బయటికి తీసుకపోయి, "నువ్వు ఎవ్వరికి చెప్పకు బిడ్డా, నీ కాళ్లు మొక్కుత" అన్నది. తల్లి పిల్ల కాళ్లు మొక్కుతననుడు నేను అదే మొదలు విన్న.

ఇగ మరునాటి సంది దొంగతనం మొదలైంది. సీతాఫలాలకు కొదువ లేదు. మంచాల దిక్కు ఆడోళ్లు గంపలల్ల తెచ్చి, జొన్నలు కొలిచి పోస్తే పండ్లు పోసి పోయేటోళ్లు. వడ్లు నిలువజేసే వడ్లర్రల గడ్డి పరిచి మాగబెడుతుంటిమి. ఇంట్ల అందరు తినుడే, చిన్నమ్మకొక్కదానికే కట్టడి. పొద్దుగాల నాయనమ్మ కోడండ్ల గిన్నెలు రెంటిల ఆఖరి పెరుగు వేయంగనే, "గటక వేసుకొస్త అత్తమ్మా" అని అమ్మ రెండు గిన్నెలు పట్టుకోని లోపలికి పోయేది. వడ్లర్రల నేను అప్పటికే మోదుగాకు దొప్పల సీతాఫలం గింజలు తీసి గుజ్జు పెట్టుకోని కూసునేదాన్ని. ఒక్క గింజ ఉండొద్దు. పంటి కింద కటుక్కుమన్నదంటే అయిపాయె. అమ్మ చిన్నమ్మ గిన్నెల అడుగున గుజ్జు వేసి, దాని మీద తన పెరుగు, చిన్నమ్మ పెరుగు రెండు పోసి, ఆ పైన పలుచగ, దోశంత మందాన గటక పరిచి, తడిచేతితోని సాపు చేసేది. అంత చేసినా సీతాఫలం వాసన దాగదు గదా? దానికి మందు ఉల్లిగడ్డ. నడుమ ఇంత పెద్ద పచ్చి ఉల్లిగడ్డ చెక్క గుచ్చితే ఇగ ఏ వాసన లేదు. ఏ వాసన పడని చిన్నమ్మకు ఉల్లిగడ్డ వాసన మాత్రం పడుతుండె, దేవుడు ఆ ఒక్క దయ చేసిండు.

గట్ల తయారైన గిన్నె పట్టుకోని చిన్నమ్మ సాయబాన్ల నాయనమ్మ ముందట కూసునేది. ముందుగాల ఉల్లిగడ్డ కొరికి, కండ్లు మూసుకోని రెండు ముద్దలు గటక మింగి, ఆ తర్వాత గిన్నె అంచుకాడికెళ్లి వేళ్లు అడుగుకు పోనిచ్చి తీసుకోని తినేది. నడుమ కలుపొద్దు, కలిపితే గుజ్జు తెల్లగ బయటపడ్తది. ఆమె అంచు వెంబడి తినుకుంట పోతుంటే పైన గటక కప్పు అట్లనే నిలబడి, ఆఖరుకు కూలేది. నాయనమ్మ అదంత చూసి సంబురపడేది. "చూసిన్రా? జొన్నగటక అంటే ఏమనుకున్నరు? పేగులకు బలం. డాక్టరమ్మకేం తెలుసు?" అని ఇంటికొచ్చిన ప్రతివాళ్లకు చెప్పేది. చిన్నమ్మ చెంపలకు ఇంత కండ పట్టింది. అమ్మ మాత్రం లోపల కూసోని తన గటకల ఉప్పునీళ్లు పోసుకోని తింటుండె. అప్పుడు నాకు అది వింతగ కూడ అనిపించలేదు.

దసరా పోయినంక ఒకనాడు ఈ కథ తిరగబడ్డది. తాత పొద్దుగాల్నే బావికాడికి పోయి ఆలస్యంగ వచ్చిండు. నాయనమ్మ మీగడ తీసి గటకల వేసి తాత గిన్నె పక్కన పెట్టుకున్నది. అమ్మ చిన్నమ్మ గిన్నె తెచ్చి అరుగు మీద పెట్టి తన గిన్నె కోసం లోపలికి పోయింది. గంతల్నే ఎవరో వాకిట్ల కేక వేసిన్రు, "పటేలా, నీ ఎడ్లు తెంపుకోని పక్కోళ్ల జొన్నల పడ్డయ్!" అని. తాత లేచిండు. ఉరికేటోడు ఉరకక, ఆకలి మీద ఉన్నడేమో, చేతికందిన గిన్నె అరుగు మీదికెళ్లి అందుకోని నిలబడే తినుడు మొదలుపెట్టిండు. అది చిన్నమ్మ గిన్నె. అమ్మ తలుపుల అట్లనే నిలబడిపోయింది. చిన్నమ్మ ముఖంల నెత్తురు లేదు. తాత ఉల్లిగడ్డ నమిలిండు. ఒక ముద్ద తిన్నడు. రెండో ముద్దకు వేళ్లు లోపలికి పోయినయ్. తీసి చూసుకున్నడు. మా అమ్మ దిక్కు చూసిండు. మళ్ల గిన్నెల చెయ్యి పెట్టి, ఒక్క మాట లేకుంట, అడుగు దాక నాకి, గిన్నె అక్కడ పెట్టి, కర్ర పట్టుకోని ఎడ్ల వెనుక ఉరికిండు.

"ఈయన పాడుగాను, పిల్ల గిన్నె తినిపాయె. సరే, ఆయన గిన్నె నువ్వు తిను. ఒక్కనాడన్న మీగడ తిను" అని నాయనమ్మ తన చేతితోని తాత గిన్నె చిన్నమ్మ ముందట పెట్టింది. పాపం నాయనమ్మ, ఎంత ప్రేమతోని పెట్టిందో. చిన్నమ్మ మూడు ముద్దలు మింగి దొడ్డికి ఉరికింది. తిన్నదంత పోయింది. నాయనమ్మ గంటె పట్టుకోని అట్లనే కూసున్నది. ఉత్త నీరుపెరుగు గటక ఇన్ని దినాలు ఆగి, మీగడ గటక ఎందుకు ఆగలేదో ఆమెకు అర్థం కాలేదు. ఆ రోజంత ఎవ్వరిని తిట్టలేదు. నాకు అదే భయమైంది.

మరునాడు తాత తన గిన్నెల రెండు ముద్దలు తిని, "ఇయ్యాల గటక సప్పగున్నదేందే? నిన్న మంచి తియ్యగుండె గద" అన్నడు. కావాలని అన్నడో, మతి లేక అన్నడో నాకు ఇప్పటికీ తెల్వది.

"గటక తియ్యగుండుడేంది? జొన్నలల్ల చక్కెర పండిందా?" అని నాయనమ్మ నవ్వింది. నవ్వి, నవ్వు నడిమిట్ల ఆగింది. తాత గిన్నె దిక్కు చూసింది, చిన్నమ్మ గిన్నె దిక్కు చూసింది, వడ్లర్ర తలుపు దిక్కు చూసింది.

ఆ మరునాడు మేము వడ్లర్రల ఉన్నప్పుడు తలుపు తెరుచుకున్నది. నా చేతిల దొప్ప, అమ్మ చేతిల గిన్నె. నాయనమ్మ లోపలికి వచ్చి తలుపు దగ్గరికి వేసింది. చెయ్యి విరగ్గొడ్తనన్న మాట నాకు యాదికొచ్చి రెండు చేతులు వెనుక దాచుకున్న.

"ఎన్నాళ్ల సంది?" అన్నది నాయనమ్మ.

"బతుకమ్మకు ముందల సంది అత్తమ్మా" అన్నది అమ్మ. "గిదొక్కటే ఆగుతున్నది. వేరేది ఏది ఆగుతలేదు. తప్పైతే నన్ను కొట్టు, దాన్ని ఏమనకు."

నాయనమ్మ కింద కూసున్నది. గిన్నెల చూసింది. అమ్మ గిన్నె కూడ గుంజి చూసింది. అది ఉత్తది. "దీంట్ల రెండు పాళ్ల పెరుగున్నది. నీ పెరుగు దీనికి పోస్తే నువ్వేం తింటున్నవ్?" అన్నది.

నేనే అందుకోని, "ఉప్పునీళ్లు పోసుకుంటది నాయనమ్మా" అన్న.

నాయనమ్మ కండ్లల్ల నీళ్లు తిరిగినయ్. "ఓసి నీ ఇల్లు బంగారంగాను. ఒకదాన్ని బతికియ్యనీకె ఇంకొకదానివి ఎండుతావే? నాతోని చెప్తే నేను మింగుతనా?" అని, మళ్ల తనే, "అవ్, చెప్తే నేను చెయ్యి విరగ్గొడుదును" అన్నది. అని లేచి కొంగుతోని ముఖం తుడుచుకోని, "సొంటి ఏది?" అని అడిగింది. సలువకు విరుగుడు సొంటి అట. సొంటి కొమ్ము నూరి చిటికెడు గుజ్జు మీద చల్లింది. పెరుగు తన చేతితోని పోసింది. గటక పరిచి, సాపు చేసి, ఉల్లిగడ్డ గుచ్చింది. అన్నీ చూసినట్టే చేసింది.

"ఇగ మూత ఎందుకు అత్తమ్మా? నీకు తెలిసిపాయె గద" అన్నది అమ్మ.

"మూత ఉండాలె. కడుపుతోని ఉన్నదాని తిండి పదిమంది కండ్లల్ల పడొద్దు. ఇంకోటి," అని గొంతు తగ్గించింది, "దానికి నాకు తెలిసిందని చెప్పకున్రి. దొంగతనంగ తింటున్న అన్న సంబురానికే దానికి ఆగుతున్నదేమో ఎవరికెరుక? నేను చూస్తుంటనే తిననియ్యి." నా చెయ్యి పట్టుకోని పోయి పెరుగు కుండ మీద పెట్టి ఒట్టు వేయించుకున్నది. చెప్తే నా ఇంట్ల ఎన్నడు పెరుగు తోడుకోదట.

ఆనాటి సంది మా ఇంట్ల నడిచిన ఆట యాదికొస్తే ఇప్పటికీ నవ్వొస్తది. చీకటుండంగ లేచి గిన్నె కట్టేది నాయనమ్మ. పట్టుకపోయి ఇచ్చేది అమ్మ. మళ్ల సాయబాన్ల గడపకాడ కూసోని, కండ్లు పెద్దగ చేసి, "నా కండ్ల ముందట తిను, గటక మొత్తం తినాలె" అని గదమాయించేది నాయనమ్మనే. చిన్నమ్మ దొంగచూపులు చూసుకుంట అంచు వెంబడి తినేది. ఆమె వేళ్లు అడుగుకు పోంగనే నాయనమ్మ కావాలని ముఖం పక్కకు తిప్పి బర్రెతోని మాట్లాడేది. అమ్మకు కూడ ఆనాటి సంది గట్టి పెరుగే పడ్డది, ఎందుకని ఎవ్వరు అడగలేదు. సీతాఫలాలు అయిపోయినంక అరటిపండు, అది కూడ ఉల్లిగడ్డ కిందనే. మామిడికాయలు వచ్చేనాటికి శ్రీశైలం పుట్టిండు, బండరాయి లెక్క. నాయనమ్మ వాకిట్ల నిలబడి, "గటకతోని పుట్టిండు నా మనుమడు, ఉత్త గటక, ఉల్లిగడ్డ" అని వాడంత చెప్పింది. ఆ ఏడు మా వాడల కడుపుతోని ఉన్న కోడండ్లందరికి గటక, ఉల్లిగడ్డ తప్పలేదు. పాపం వాళ్ల గిన్నెలల్ల గటక కింద ఏమి లేదు.

నాయనమ్మ పోయింది. అమ్మ పోయింది. పెంకుటిల్లు పోయి శ్రీశైలం స్లాబిల్లు వచ్చింది. శ్రావణికి ఏం తినాలె, ఎంత తినాలె అని చెప్పనీకె అత్త లేదు ముందట. అత్తగారింట్ల ఉన్న ఆ అత్త ఫోన్ల, "తిన్నవా అమ్మా?" అని అడిగి పండ్లు పంపిస్తది. మనుషులు ఊకున్నరు కాని, ఫోన్ ఊకుంటదా? బొప్పాయి తినొద్దు, పైనాపిల్ తినొద్దు, ఇది ఇంత, అది అంత అని ఆ పిల్ల పొద్దంత చదువుతనే ఉంటది. ఆ గదమాయింపు అంత నాకు ఎరుకైన గొంతే. మా నాయనమ్మ పోయి ఫోన్ల కూసున్నదా అనిపించింది. ఒక్కటి మాత్రం మారింది, మంచిగ మారింది. ఈ పిల్ల తన పెరుగు తనే పోసుకుంటున్నది, మీగడతోని, అందరి ముందట. ఆ ముచ్చటకు నాకు కడుపు నిండింది.

చిన్నమ్మ మొత్తం చెప్పి, "గట్ల మా అత్త కండ్ల ముందటనే, ఆమెకు తెల్వకుంట, మీ నాయన కడుపుల ఉన్నన్ని దినాలు తిన్న" అని గొప్పగ ముగించింది. శ్రావణి చప్పట్లు కొట్టింది. నేను చెప్పాల్నా, వద్దా? నేను కూడ పోతే నాయనమ్మ ఆ చీకటిల సొంటి నూరిందని ఈ భూమ్మీద ఎవ్వరికి తెల్వది. చిన్నమ్మ ఆఖరు దాక అత్తను గయ్యాళి అనుకునే పోతది. పెరుగు తోడుకోకపోతే దుకాన్ల కొనుక్కుంట అనుకున్న.

"చిన్నమ్మా, నీకొక మాట చెప్పాలె. మా అమ్మ కట్టిచ్చింది కొన్నాళ్లే. ఆ తర్వాత ఆ గిన్నెలు కట్టింది నాయనమ్మ."

చిన్నమ్మ నా ముఖం దిక్కు చూసింది. నేను బుగులుపడ్డ. ఆమె నిమ్మలంగ, "సొంటి" అన్నది.

"ఏందీ?"

"మీ అమ్మ చేతి గిన్నెల ఎన్నడు సొంటి లేకుండె. ఒకనాడు పొద్దుగాల నాలుకకు ఘాటు తగిలింది. ఆ ఇంట్ల ప్రతిదానికి సొంటి కొట్టేది ఎవరే? తలెత్తి చూసిన. మీ నాయనమ్మ బర్రెతోని మాట్లాడుతున్నది. బర్రె ఆడ లేదు, మేతకు పోయింది. గప్పుడే నాకు ఎరుకైంది."

"ఎరుకైతే మరి అన్నాళ్లు దొంగచూపులు చూసుకుంట ఎందుకు తింటివి?"

"ముసల్ది అంత కష్టపడి దొంగతనం చేస్తుంటే, పట్టుకునుడు నాకు మర్యాదేనా?" అన్నది చిన్నమ్మ. నవ్వుకుంటనే అన్నది, కాని కొంగు కండ్లకాడికి పోయింది. "కన్నతల్లి కూడ నాకు గట్ల తినిపియ్యలేదు యాదమ్మా. నేను దొంగ లెక్క తింటేనే ఆమెకు సంబురం. అందుకే తిన్న. ఆమె పోయేదాక ఆమెతోని ఈ ముచ్చట ఎత్తలేదు. ఎత్తకుంటనే ఇద్దరం ఒకరినొకరం చూసి నవ్వుకునేటోళ్లం, ఎందుకు నవ్వుతున్నరే అని మీ తాత అడుగుతుండె." కండ్లు తుడుచుకోని, నా భుజం మీద ఒకటి చరిచి, "ఒట్టు తప్పినవ్ గద. ఇగ చూడు, మాపటికి నీ ఇంట్ల పాలు తోడుకోవు" అన్నది. ఇన్నేండ్లు నేను ఒక్కదాన్నే మోసిన అనుకున్న మూట అందరం మోసినమన్నట్టు. నాకు ఏడుపు, నవ్వు ఒక్కసారే వచ్చినయ్.

శ్రావణి గిలాస ఇంక కిటికీలనే ఉన్నది. చిన్నమ్మ వంటింట్లకు పోయి, డబ్బాలు వెతికి, చిటికెడు సొంటి తెచ్చి దానిమ్మ గింజల మీద చల్లింది. ఆ తర్వాత ఇంత ఉల్లిగడ్డ చెక్క తెచ్చి నట్టనడుమ గుచ్చింది.

"అయ్యో అవ్వా! పాడుచేస్తివి గద! ఇప్పుడు ఫోటో ఎట్ల తియ్యాలె?"

"ఇప్పుడు తియ్యి. ఎంతమందికి చూపెట్టుకుంటవో చూపెట్టుకో. మీ నాయన ఉల్లిగడ్డ చాటున బతికిండు, నీ బిడ్డకు కూడ ఉండాలె."

శ్రావణి ఉల్లిగడ్డతోనే ఫోటో తీసింది. తీసి అట్లనే అందరికి పంపింది. ఉల్లిగడ్డ ఎందుకని అడిగినోళ్లకు, "మా అవ్వ" అని ఒక్క మాట రాసి పెట్టింది. ఆ తర్వాత గిలాస, చెంచా చేతిలకు తీసుకోని కుర్చీ దిక్కు పోబోయింది.

"ఆడికి కాదు, ఈడికి రా" అన్నది చిన్నమ్మ. మోకాళ్లు పట్టుకోని మెల్లగ గడపకాడ కూసోని కాళ్లు చాపుకున్నది. మనుమరాలిని ఎదురుంగ కూసోబెట్టుకున్నది. కండ్లు పెద్దగ చేసి, నాయనమ్మ గొంతు పెట్టి, "నా కండ్ల ముందట తిను. మొత్తం తినాలె" అని గదమాయించింది.

శ్రావణి ఉల్లిగడ్డ కొరికి, కండ్లు గట్టిగ మూసుకోని నమిలింది. ఆ తర్వాత నడుమ కలుపకుంట, అంచు వెంబడి చెంచా అడుగుకు పోనిచ్చింది. చెంచా నోటికాడికి పోంగనే మా చిన్నమ్మ ముఖం పక్కకు తిప్పి, వాకిట్ల లేని బర్రెతోని, "రా తల్లీ, జర జరుగు తల్లీ" అని మాట్లాడుడు మొదలుపెట్టింది.